గ్రాండ్‌మాస్టర్ ముందు దూకిన రాజు

ఆ రోజుల్లో మా ఎర్రగుంట్లలో ఆడపిల్ల చదువులో చురుకైనదని తేలితే, టీచరు ట్రైనింగో నర్సింగో చేయించాలని ఊరే తీర్మానించేసేది, తల్లిదండ్రులకు శ్రమ ఉండేది కాదు. నా విషయంలో మాత్రం మా నాయనకు ఆ మామూలు దారులు నచ్చలేదు. ఆయన సిమెంటు ఫ్యాక్టరీలో లారీలకు బస్తాలు ఎత్తించే సూపర్‌వైజరు. కనురెప్పల దాకా బూడిదరంగులో ఇంటికొచ్చి, మొహమైనా కడుక్కోకుండా పేపర్లో ఆటల పేజీ తీసేవాడు. చదరంగం గ్రాండ్‌మాస్టర్ల జీవితాలన్నీ ఆయనకు కంఠతా వచ్చు. ఎవరు ఎన్నో ఏట ఆ బిరుదు సాధించారు, ఎవరు ప్రపంచ విజేతను మట్టి కరిపించారు, ఎవరి తండ్రి ఉద్యోగం మానేసి బిడ్డ వెంట దేశాలు తిరిగాడు, అన్నీ అన్నం తింటూ చెప్పేవాడు. గ్రాండ్‌మాస్టర్ కావాలంటే రేటింగ్ రెండువేల ఐదువందలకు చేరాలని, మూడు నార్మ్‌లు రావాలని కూడా ఆయన చెబితేనే తెలిసింది. నార్మ్ అంటే ఏమిటని అడిగితే, "మూడు కావల్లమ్మా, అంతే" అన్నాడు. (ఆయనకు ఆట మాత్రం రాదు. గుర్రం ఎటు పోతుందో చివరిదాకా అనుమానమే.)

నాకు ఆట నేర్పింది వజీరు తాత. స్టేషను రోడ్డులో దర్జీ. మనం మంత్రి అనే పావును ఆయన వజీరు అనేవాడు కాబట్టి ఆ పేరు వచ్చింది. ఆయన్ను ఓడించినవాడు ఊళ్లో లేడు. కుట్టుమిషను పక్కన స్టూలు మీద బోర్డు పెట్టి, గుండీలు కుడుతూనే లారీ డ్రైవర్లను వరసగా ఓడించేవాడు. పదకొండేళ్లకు నేను కూడా డ్రైవర్లను ఓడించడం మొదలుపెట్టాను. ఒక డ్రైవరు నా చేతిలో ఓడి, ఆ రోజు లోడు తీసుకోకుండానే వెళ్లిపోయాడట. నాయనకు ఆ ఒక్క సాక్ష్యం చాలింది. "పన్నెండేండ్లకే గ్రాండ్‌మాస్టర్ అయిన పిల్లోడు ఉండాడు. నీకింకా ఏడాది టైము ఉండాది" అన్నాడు. అమ్మ పొయ్యి దగ్గరనుంచి, "ఆ పిల్లోనికి ఎక్కాలన్నా వచ్చో రావో. మన పాపకు పదమూడో ఎక్కం రాదు, ముందు అది సూడు" అంది. నాకు మాత్రం అప్పటినుంచి పుట్టినరోజుకు రోజులు లెక్కపెట్టుకోవడమే పని.

ఇంతలో ఒక గ్రాండ్‌మాస్టర్ కడపకు వస్తున్నాడని తెలిసింది. ఒక కాలేజీ హాల్లో ఇరవైఐదు మందితో ఒకేసారి ఆడతాడట. ఫ్యాక్టరీలో ఆటల సంగతి చూసే ఆఫీసరును పట్టుకుని నాయన నాకు ఆ ఇరవైఐదు బోర్డుల్లో ఒకటి సంపాదించాడు. ఆ ఆఫీసరు పెద్ద మనసుతో ఒక మాట కూడా ఇచ్చాడు. పాప ఇరవై ఎత్తులు నిలబడితే చాలు, ఫ్యాక్టరీ తరఫున కర్నూలులో మంచి కోచ్ దగ్గర పెట్టిస్తానన్నాడు. గెలవక్కర్లేదు, ఇరవై ఎత్తులు. ఈ ఇరవై అన్న సంఖ్య వారం రోజుల్లో నాయన పనిచేసే లోడింగ్ షెడ్డంతా పాకింది. మా చర్చిలో పాస్టరుగారు ఆదివారం ప్రార్థనలో రోగుల పేర్ల తర్వాత నా పేరు చదివి, ఇరవై ఎత్తుల సంగతి కూడా దేవుడికి విన్నవించారు. కడప బస్సు చెడిపోవాలని నేను ఒక్కదాన్నే రహస్యంగా ప్రార్థించాను. సంఘమంతా ఒకవైపు, నేనొకవైపు. దేవుడు సంఘం మాటే విన్నాడు, బస్సు చెడిపోలేదు.

హాల్లో బల్లలు చుట్టూ వేసి, మధ్యలో గ్రాండ్‌మాస్టర్ నడవడానికి దారి వదిలారు. కోస్తా వైపు మనిషి, సన్నగా, మా స్కూల్లో లెక్కల సారు కంటే చిన్నవాడిలా ఉన్నాడు. నా బోర్డు దగ్గరకొచ్చి మొదటి ఎత్తులోనే బంటును రెండు గళ్లు జరిపాడు. తాత నేర్పిన ఆటలో బంటు ఎప్పుడైనా ఒక్క గడే. తొందరలో పొరపాటు పడ్డాడనుకున్నాను. పక్క బోర్డు మీద కూడా రెండు గళ్లే. కాసేపటికి ఇంకా ఘోరం: ఒకే ఎత్తులో రాజును పక్కకు జరిపి, ఏనుగును ఎత్తి రాజుకు అవతల పెట్టేశాడు. ఇంత పెద్దమనిషి ఇంతమంది ముందు ఇలా చేస్తాడా! జనానికి అడ్డంగా కట్టిన తాడు అవతల, మాతో వచ్చి నాయన పక్కన నిలబడ్డ తాత వైపు చూశాను. ఆయన కూడా చూశాడు. చూసి, అతిథిని ఏమీ అనొద్దన్నట్టు కళ్లు మూసి తెరిచాడు. సరే, మనం మర్యాదస్తులం, మన పద్ధతిలోనే ఆడదాం అనుకున్నాను.

పదిహేను ఎత్తులు గడిచాయి. ఒక్కో ఎత్తుకూ నాయన వేలు మడుస్తున్నాడు, పది వేళ్లూ ఒకసారి అయిపోయి రెండో విడత నడుస్తోంది. నా వైపు సగం పావులు పోయాయి, మిగిలినవి ఒకదానికొకటి అడ్డం. అయినా నా దగ్గర ఒక ఆయుధం ఉంది. మా ఆటలో రాజుకు ఒక్కసారి కూడా చెక్కు పడకపోతే, ఆటలో ఒకేసారి గుర్రంలా దూకే హక్కు ఉంటుంది. అందుకే అంతసేపూ చెక్కు పడకుండా ప్రాణాలు అడ్డుపెట్టి కాపాడుకున్నాను. ఆయన నా బోర్డు దగ్గరకు వచ్చి నిలబడగానే, పదహారో ఎత్తుగా, నా రాజును ఎత్తి దూకించాను.

గ్రాండ్‌మాస్టర్ ఆగిపోయాడు. అంతవరకు ఏ బోర్డు దగ్గరా గుక్క తిప్పుకునేంత సేపు నిలబడని మనిషి, రెండు చేతులూ బల్ల మీద ఆనించి చూస్తూ ఉండిపోయాడు. వెనకనుంచి నాయన తాతతో అనడం వినిపించింది: "ఆలోచన చేస్తాండాడు మామా. మన పాప దెబ్బకు ఆలోచన చేస్తాండాడు."

"ఇదేం ఎత్తు పాపా?" అన్నాడు ఆయన మెల్లగా.

"మా రాజుకు ఇంకా చెక్కు పడలేదు సార్. ఒకసారి దూకొచ్చు."

పక్క బోర్డు కుర్రవాడు ముందు నవ్వాడు, తర్వాత హాలంతా నవ్వింది. నిర్వాహకుడు పరుగున వచ్చి నా రాజును పట్టుకున్నాడు. అప్పుడు వజీరు తాత తాడు ఎత్తి లోపలికి వచ్చాడు. ఎవరో ఆపబోతే ఆగలేదు. "బిడ్డను నగొద్దండి సార్. నేర్పినోన్ని నేను. మా అబ్బాజాన్ నాకు ఇట్లే నేర్పినాడు. మీ కాడ మారిపోయిందని మాకెవురూ చెప్పలేదు" అన్నాడు. గ్రాండ్‌మాస్టర్ ఆయన మొహం చూసి, తన తాత కూడా ఇలాగే ఆడేవాడని, ఇది పాత ఆట అని, కానీ ఇప్పుడు ఈ బోర్డు మీద చెల్లదని ఎంతో మర్యాదగా చెప్పాడు. రాజును వెనక్కి పెట్టాను. వేరే ఏదో జరిపాను. పదిహేడో ఎత్తుకు ఆట అయిపోయింది. నాయన చేతిలో మూడు వేళ్లు మడవకుండా మిగిలిపోయాయి.

తిరుగు బస్సులో తాత ముందు సీట్లో కూర్చుని ఒక్కసారి కూడా వెనక్కి తిరగలేదు. నాయన చాలాసేపు కిటికీలోంచి నాపరాళ్ల గుట్టలు చూస్తూ కూర్చున్నాడు. నేను తిట్లకు సిద్ధంగా ఉన్నాను. చివరికి ఆయన, ముందు సీటుకు వినపడకుండా అడిగాడు: "వాళ్లు దూకనిచ్చింటే ఇరవై దాటేదానివా పాపా?"

దూకనిచ్చినా పద్దెనిమిదో ఎత్తుకు నా పని అయిపోయేది. ఆ సంగతి రాజును చేతిలోకి తీసుకున్నప్పుడే నాకు తెలుసు.

"గెలిచేదాన్ని నాయనా" అన్నాను. (అడిగింది ఇరవై. నోట్లోంచి వచ్చింది గెలుపు.)

కర్నూలు కోచింగ్ లేదు, నార్మ్‌లు లేవు. పన్నెండు నిండాయి, పదమూడో ఎక్కం వచ్చింది. కర్నూలుకు చివరికి పెళ్లయ్యాక కాపురానికి వచ్చాను. కానీ నాయన ఆ మాటను షెడ్డులో చెప్పాడు, చర్చిలో చెప్పాడు, నా పెళ్లిచూపుల్లోనూ చెప్పాడు. రిటైరయ్యాక చెప్పడానికి ఎవరూ మిగలక, మొన్న సెలవులకు వెళ్లినప్పుడు నా ఆరేళ్ల కూతురికి చెప్పాడు. అది వారం రోజులుగా నన్ను కొత్తగా చూస్తోంది. ఇవాళ అన్నం పెడుతుంటే అడిగేసింది: "అమ్మా, నువ్వు గ్రాండ్‌మాస్టర్‌ను గెలిచేదానివంట కదా?"

అబద్ధం ఆడకూడదని దానికి రోజూ చెప్పే తల్లిని. ముద్ద చేతిలో పట్టుకుని నిజం చెబుదామనే నోరు తెరిచాను. బస్సు కిటికీ పక్కన, కనురెప్పల మీద కడిగినా వదలని సిమెంటుతో కూర్చున్న మనిషి వైపు బెదురుగా చూస్తున్న ఆ పదకొండేళ్ల పిల్ల కనిపించి నవ్వొచ్చింది. ఆ పిల్లను ఇప్పుడు నేనెలా పట్టిచ్చేది?

"అవును, కొంచెంలో తప్పిపోయింది. నోరు తెరువు" అన్నాను.