అత్త పాటకు ఐదు మెట్లు ఎక్కువ

భుజం పట్టేసినప్పటి నుంచి గిటార్ ఒళ్ళో పెట్టుకోలేకపోతున్నాను. తమిళనాడు ధర్మపురిలో చిన్నపిల్లల బడిలో పాటలు నేర్పి, బస్సులో నిలబడి మా ఊరు ఇండూరు చేరేసరికి చెయ్యి పైకి లేవదు. అందుకే తేలిగ్గా ఉంటుందని బుల్లి గిటార్ లాంటి యుకులేలే కొనుక్కున్నాను. నాలుగే తీగలు. గిటార్ వచ్చినదానికి ఇదొక లెక్కా అనుకున్నాను.

మా ఇంట్లో శుక్రవారం హారతి పాట అత్తది. ఆమెకు తెలుగు చదవడం రాదు, పాటలన్నీ నోటికే వచ్చు. కర్పూరం వెలిగించాక పాట మధ్యలో ఆపకూడదని ఆమె పట్టింపు. దగ్గు వచ్చినా, కుక్కర్లో పప్పు మాడినా చివరిదాకా పోవాల్సిందే. పన్నెండేళ్ళుగా ఆ పాట వెనక నా గిటార్ ఉండేది.

అమ్మవారి పూజలకు పేరైన తమిళ ఆడి నెల, మొదటి శుక్రవారం ఇల్లంతా చుట్టాలు. నేను ఆలస్యంగా వచ్చి, కాళ్ళు కడుక్కొని, యుకులేలే తీసి వేళ్ళకు అలవాటైన పాత గిటార్ పట్లే, అవే కార్డులే పట్టాను. గిటార్ సన్న తీగల మీద 'డి' స్వరం పలికే పట్టు ఇక్కడ పెడితే 'జి' పలుకుతుంది. పాట మొత్తం ఐదు మెట్లు పైకి పోతుంది. అలసటలో నాకది తట్టలేదు. అత్త నా శ్రుతినే అందుకుంది. రెండో చరణంలో గొంతు చీలింది. కర్పూరం ఇంకా వెలుగుతోంది గనక ఆమె ఆగలేదు, మెడ నరాలు తేలుతున్నా చివరిదాకా లాక్కొచ్చింది. వెనక ఎవరో కిసుక్కున నవ్వారు.

పళ్ళెం దించి, "నా గొంతు పోయిందే. ఇంక నువ్వే చూసుకో," అంది.

మరుసటి శుక్రవారం నుంచి హారతి పాట ఫోన్‌లో పెట్టాను.

నిజానికి ఆ మొదటి శుక్రవారం తర్వాత వారం తిరక్కుండానే, బడిలో పిల్లలకు కార్డుల బొమ్మలు గీస్తుంటే నా తప్పు తెలిసింది. 'డి' కావాలంటే గిటార్ 'ఎ' పట్టు పెట్టాలి, 'జి'కి 'డి' పట్టు. అంతే. సిగ్గుతో చచ్చిపోయాను. కానీ ఇంటికొస్తే వంట, బట్టలు, భుజానికి కాపడం. రేపు చెబుదాంలే అని నిమ్మకు నీరెత్తినట్టు ఊరుకున్నాను. నిజం చెప్పాలంటే, శుక్రవారం వాయించే పని తప్పినందుకు లోపల హాయిగానే ఉండేది.

దీపావళికి ముందు అత్త పూజగది తుడుస్తూ నోట్లోనే ఏదో పాడుకుంటోంది. నన్ను చూసి ఆపేసింది. ఇక ఉండబట్టలేకపోయాను.

"అత్తా, ఆ దినం తప్పు నాది. నేనే పై శ్రుతిలో వాయించినాను. నీ గొంతుకేమీ కాలేదు."

ఆమె గుడ్డ పిండడం ఆపింది. "ఎప్పుడు తెలిసింది నీకు?"

"ఆ వారమే."

తిడుతుందనుకున్నాను. తిట్టలేదు.

"గొంతులో గడ్డ ఏమన్నా వచ్చిందేమోనని భయపడి, నేనొక్కదాన్నే టౌనుకు పోయి డాక్టరుకు చూపించుకోని వచ్చినాను," అంది. "నువ్వే శానా అలిసిపోయి వస్తావు కదా అని నీకు చెప్పలేదు."