బాపమ్మ ల్యాంపు రూము ముందు కూర్చున్న రోజు

మా చిన్నప్పుడు... గోదావరిఖని బొగ్గుగనుల కాలనీలో మా క్వార్టర్ ముందు గదిలో టీవీ పొద్దస్తమానం మోగుతూనే ఉండేది. సరిహద్దు కొండల కోసం పక్క దేశంతో యుద్ధం నడుస్తోంది. మా కాక, అంటే మా బాపు (నాన్న) తమ్ముడు, అక్కడే డ్యూటీలో ఉన్నాడు. ఆయన దగ్గర్నుంచి ఫోను లేదు... ఇంట్లో ఎవరికీ అన్నం సహించేది కాదు.

కాకను కన్న మా బాపమ్మకు మాత్రం టీవీ మీద నమ్మకం లేదు.

"గా కొండలల్ల ఏమున్నదిరా? బొగ్గున్నదా?" అని బాపును అడిగింది.

"బొగ్గు లేదు, ఏం లేదవ్వా. అంత మంచే."

"మరి ఏం తవ్వుకుందామని గింత కొట్లాట?"



మా గని కాలనీలో ఒక అలవాటు ఉండేది. షిఫ్టు దిగే వేళ దాటినా మనిషి ఇల్లు చేరకపోతే ఆడవాళ్ళు నేరుగా గేటు దగ్గరి ల్యాంపు రూముకు పోయేవాళ్ళు. గనిలోకి దిగేవాళ్ళు తలకు పెట్టుకునే లైట్లు తీసుకుని, పైకొచ్చాక తిరిగిచ్చే గది అది. లైటు వచ్చిందంటే మనిషి వచ్చినట్టే... ఇక ఏ కల్లు కాంపౌండులోనో వెతుక్కోవచ్చు! కింద ఏదైనా జరిగిన రోజైతే అందరూ అక్కడే కూర్చునేవాళ్ళు. తన మనిషి వచ్చినా సరే, ఆఖరి మనిషి పైకొచ్చేదాకా ఎవరూ లేచేవాళ్ళు కాదు. తాత బతికున్నన్నాళ్ళూ బాపమ్మ అలా ఎన్నిసార్లు కూర్చుందో...

"మిల్ట్రోళ్ళ ల్యాంపు రూము యాడుంటదిరా? గాడికి ఫోన్ చేసి అడుగు" అని రోజూ బాపు ప్రాణం తీసేది.

ఒక మధ్యాహ్నం పక్కింటి లక్ష్మక్క పరిగెత్తుకొచ్చింది. "టీవీల చెప్తున్నరు... మన పెద్దపల్లి దిక్కు పిలగాడొకడు పోయిండట. పేరు ఇంక చెప్తలేరు."

అమ్మ పొయ్యి కట్టేసి అలాగే నిలబడిపోయింది. బాపు చెప్పులు కూడా వేసుకోకుండా ఎస్టీడీ బూతుకు ఉరికాడు. ఆ కంగారులో కాసేపటికి గానీ చూసుకోలేదు... బాపమ్మ ఇంట్లో లేదు!

ఆ ఎండలో కాలనీ అంతా వెతికాం. కాకతో పాటు బాపమ్మ కూడా పోయిందేమోనని నాకు ఏడుపు ఆగలేదు.

చివరికి ల్యాంపు రూము ముందు కనిపించింది... నేల మీద, కొంగు తల మీద కప్పుకుని. కొడుకున్నది ఎక్కడో మంచు కొండల్లో, ఆమె వచ్చింది ఇక్కడికి. ప్రాణం మీద భయం పట్టుకుంటే ఎక్కడికి పోవాలో ఆమెకు తెలిసిన చోటు అదొక్కటే మరి.

"మా చిన్నోడు ఇంక రాలే బిడ్డా" అంది, ల్యాంపు రూములో పనిచేసే అన్నతో. అతనికి విషయం తెలుసు. పొమ్మనలేదు, చల్లటి నీళ్ళు తెచ్చి ఇచ్చాడు. విషయం పాకి చుట్టుపక్కల ఆడవాళ్ళు ఒక్కొక్కరే వచ్చి ఆమె పక్కన కూర్చున్నారు. ఒక్కరు కూడా నవ్వలేదు.

పొద్దుగూకే వేళకు బాపు రొప్పుతూ వచ్చాడు.

"అవ్వా, మనోడు కాదు! ఇప్పుడే మిల్ట్రీ ఆఫీసోళ్ళతోని ఫోన్ల మాట్లాడిన. మనోడు మంచిగున్నడే!"

అమ్మ నన్ను పట్టుకుని బావురుమంది. నేనైతే ఎగిరి గంతేశాను.

బాపమ్మ లేవలేదు.

"ఇంటికి పోదాం లే అవ్వా."

"మనోడు మంచిగున్నడు, సరే... గా పిలగాని అవ్వ గిప్పుడు యాడ కూసున్నదో" అంది.

అక్కడున్న ఆడవాళ్ళు కూడా ఎవరూ లేవలేదు.

కాక క్షేమంగానే తిరిగొచ్చి, సర్వీసు పూర్తి చేసుకుని ఇప్పుడు రామగుండంలో ఉంటున్నాడు. మొన్న సరిహద్దులో మళ్ళీ మంటలు రేగినప్పుడు మా ఫ్యామిలీ గ్రూపు నిండా చప్పట్లూ బాంబుల బొమ్మలూ... కాక గ్రూపులోంచి వెళ్ళిపోయాడు.

ఇప్పుడు పోయినవాళ్ళ పేర్లు క్షణంలో ఫోనులోకి వచ్చేస్తున్నాయి. మనవాళ్ళు కాదని తెలియగానే వేలితో పైకి తోసేస్తున్నాం...

ముక్కూ మొహం తెలియని వాళ్ళ బిడ్డ కోసం అలా కూర్చుండిపోయిన మనుషులు మీ ఇళ్ళల్లో కూడా ఉండేవారా? ఉంటే రాయండి... వాళ్ళ గురించి వినాలని ఉంది.