క్వారీలో పారిన నది

తెనాలిలో మా పక్క స్థలంలో ఇల్లు కడుతున్నారు. పొద్దున్నే లారీ కంకర దింపిన గరగర చప్పుడు, ఆ వెంటనే మేస్త్రీ నీళ్లు చల్లితే లేచే చల్లని రాతి వాసన కిటికీలోంచి వస్తే, నా చేతిలో కాఫీ అలాగే చల్లారిపోతుంది. ఎవరికైనా అది ఇల్లు కట్టే సందడి. నాకు మాత్రం ఎక్కడో నక్షత్రాల అవతలి లోకం. ఆ లోకాన్ని నాకు చూపించినవారు దేవసహాయం గారు.

ఆయన రేపల్లెలో పుట్టారు. తండ్రి మిషన్ బడిలో పంతులు. చిన్నతనంలోనే కుటుంబంతో ఇంగ్లండు వెళ్లి, అక్కడే పెరిగి, అక్కడి టెలివిజన్‌కు సైన్స్ ఫిక్షన్ సీరియళ్లు రాశారు. ఆ తర్వాత నవలలు. భార్య పోయాక బాపట్ల వచ్చి, పెళ్లయి అక్కడే స్థిరపడిన చెల్లెలి ఇంట్లో మేడ మీద గదిలో దిగారు. నేనప్పుడు తెనాలి కాలేజీలో ఇంగ్లీషు చెబుతున్నాను. రాసిన ఒక్క నవలనూ ప్రచురణకర్త తిప్పి పంపితే ఇక రాయనని కలం పక్కన పెట్టేశాను. అన్నగారి నవలను తెలుగులోకి తెమ్మని ఆ చెల్లెలు కబురు చేస్తే, ఆదివారాలు రైలెక్కి బాపట్ల వెళ్లేదాన్ని.

ఆయన తెలుగు వింతగా ఉండేది. ముసలి గొంతులో చిన్నపిల్లవాడి తెలుగు. ఈ ఊరు వదిలిన వయసు దగ్గరే అది ఆగిపోయింది. మధ్యాహ్నం సముద్రపు గాలి మొదలయ్యాక ఇద్దరం వరండాలో కూర్చునేవాళ్లం. అనువాదం కంటే కబుర్లే ఎక్కువ సాగేవి.

"నా మొదటి కథలో ఒక గ్రహం ఉందమ్మాయ్. మడ అడవులు, సముద్రంలో కలిసే నది. మన రేపల్లేలే! టీవీ వాళ్లు చదివి, 'నదిని మేం తేలేం, ఊరి బయట కంకర క్వారీ ఉంది, షూటింగ్ అందులో చేసుకుందాం' అన్నారు."

"మరేం చేశారండీ?"

"ఏడ్చాను. తర్వాత ఆ క్వారీ అంచున కూర్చుని, సరే, ఇది నది పోయిన గ్రహం అనుకున్నా. అక్కడి ముసలివాళ్లు ఎండిన గుంటలో పడవ వేసుకుని కూర్చుంటారు. ఎప్పుడూ నీళ్లు చూడని పిల్లలకి నీటి చప్పుడు నోటితో నేర్పుతారు." అంటూ పెదవులు కదిపి, గొంతులో సన్నగా ఒక అల పలికించారు. ఆయనకు పేరు తెచ్చింది ఆ కథే.

మరో ఆదివారం నా నవల గురించి అడిగారు. "కొల్లూరు లంకల కథండి. ఊరంతా ఉంది గానీ మనుషులే లేరని తిప్పి పంపారు" అన్నాను.

"అయితే అది మనుషులు వెళ్లిపోయిన ఊరేమో. ఎందుకెళ్లారో నీకు తెలుసా?"

తెలుసు. మా అమ్మమ్మ ఇంటిని, ఆమె అరటితోటను కృష్ణా నది కోసుకుపోయింది. ఆ మాట ఆయనతో అనలేకపోయాను. తిరుగు రైల్లో కళ్లు మూసుకుంటే, లేని వాకిట్లో ఆమె చీపురు చప్పుడు వినిపించింది. ఇంటికి రాగానే రాయడం మొదలుపెట్టాను.

అన్నాళ్లూ ఆయన రేపల్లె వెళ్లనే లేదు. "చూస్తే ఉన్నది కూడా పోతుందేమో" అనేవారు. చివరికి ఒక చలికాలం తానే, "పద అమ్మాయ్" అన్నారు. రేపల్లె దాటి నది చివరిదాకా వెళ్లి పడవెక్కాం. మడచెట్ల మధ్య మంచు ఇంకా విడలేదు. నీరూ ఆకాశమూ ఒకే రంగులో ఉన్నాయి.

"ఇంజను కాస్త ఆపుతావా నాయనా?" అని పడవ నడిపేవాణ్ణి అడిగారు.

"అట్టాగేనండి" అన్నాడతను.

పడవ తనంతట తాను తేలుతోంది. ఆయన నీళ్లలో చెయ్యి పెట్టి చాలాసేపు విన్నారు.

"ఎలా ఉందండీ?"

"నేను రాసినదానికంటే చప్పుడు తక్కువ" అని నవ్వారు. ఆ నవ్వుతోనే కళ్లు తుడుచుకున్నారు.

ఆ ఎండాకాలమే ఆయన పోయారు. నా అనువాదాన్ని అచ్చులో చూడలేదు. కొత్తగా రాసిన నా లంకల నవలను మాత్రం అంతకుముందే చెల్లెలి చేత చదివించుకుని, "మీ అమ్మమ్మ మాట్లాడుతోంది" అని ఫోన్ చేశారు. ఆయనకు నేను అమ్మమ్మ సంగతి ఎప్పుడూ చెప్పలేదు; నవలలోనూ ఆమె ఒట్టి పేరులేని ముసలామే.

ఇప్పుడు రాస్తూ రాస్తూ ఎక్కడైనా ఆగిపోతే, ఏం రాయాలా అని వెతుక్కోను. ఇక్కడ ఏది లేకుండా పోయింది, దాన్ని ఇంకా మరిచిపోనిది ఎవరు అని అడుగుతాను. కాసేపటికి ఎవరో ఒకరు పలుకుతారు.