పక్కింటి కుర్చీ

ఈరోజు ప్రభుత్వ సర్వే అని మా ఇంటి వివరాలు రాసుకోవడానికి ట్యాబ్ పట్టుకొని ఒక అమ్మాయి వచ్చింది. మా ఆయనకు పని లేక మూడు నెలలు, రేషన్ కార్డు ఉంటుందో పోతుందోనని నాకు దిగులుగా ఉన్న సమయం. ఆమెను లోపలికి రమ్మనేలోపే మా నాలుగేళ్ల పాప పక్కింటికి పరుగెత్తి, వాళ్ల ప్లాస్టిక్ కుర్చీ ఈడ్చుకొచ్చి వేసింది. దాన్ని చూడగానే నాకు ఇంకో ఊళ్లోని కుర్చీ గుర్తొచ్చింది.

పెళ్లికి ముందు, డిగ్రీ అయిన కొత్తలో, పేదరికం మీద పరిశోధన చేసే ఒక సంస్థలో పనిచేశాను. వేరుశనగ వరుసగా ఎండిపోతున్న రోజులవి. కంబదూరు పక్క పల్లెల్లో ఇల్లిల్లూ తిరిగి, ఏముందో ఏం లేదో కాగితంలో టిక్కులు పెట్టేదాన్ని. ఆ టిక్కులను బట్టే అందరికన్నా లేనివాళ్ల జాబితా తయారై, వాళ్లకు నెలనెలా కొంత సాయం అందేది.

ఒక ఊళ్లో తల్లి లేని మనవరాలితో ఒక అవ్వ ఉండేది. నన్ను కుర్చీలో కూర్చోబెట్టి, టేబుల్ ఫ్యాన్ తిప్పి పెట్టింది. ఇంటికొచ్చిన మనిషి ముందు లేదనడానికి నోరు రాక, అడిగినవన్నీ ఉండాయనే చెప్పింది. మా పుట్టిన ఊరు గుమ్మఘట్టలో మా అమ్మా అంతే, చుట్టం వస్తే సగం సామాను పక్కింటి నుంచే వచ్చేది. తెలిసి కూడా, చేతిలో కాగితం ఉంది కాబట్టి టిక్కు పెట్టాను.

జాబితాలో అవ్వ పేరు రాలేదు. మళ్లీ వెళ్తే పక్కింటామె గడపలోనే నిలదీసింది.

"నా కుర్చీలో కూసోని, నా ఫ్యాను గాలి పోసుకోని, అన్నీ ఆయమ్మవేనని రాసుకోని పోయినావే. ఏం చదువమ్మా నీది?"

అవ్వ నవ్వింది. "ఊరికే ఉండు మే. వచ్చినోళ్లను నేల మీద కూసోబెడతామా?" అంటూ మళ్లీ ఆ కుర్చీనే తెచ్చి వేసింది. కూర్చోలేకపోయాను.

మా సారుకు చెప్పాను. జాబితా పైకి పోయిందనీ, ఒక్కరికి మారిస్తే పరిశోధన మీదే నమ్మకం పోతుందనీ అన్నారు. నేను రెండోసారి అడగలేదు, ఉద్యోగం పోతుందని భయం. మరుసటి ఎండాకాలం వెళ్లేసరికి ఆ ఇంటికి తాళం. మనవరాలిని బడి మాన్పించి, ఇద్దరూ ఇటుక బట్టీలకు పోయినారని పక్కింటామె చెప్పింది.

కుర్చీ మాది కాదని ఈరోజు ఆ అమ్మాయికి రెండుసార్లు చెప్పాను.

"ఎవరిదని రాసేకి గడి లేదక్కా. ఉండాదా లేదా, అంతే."

అప్పట్లో కాగితం, దిద్దాలనుకుంటే దిద్దగలిగేదాన్ని, దిద్దలేదు. ఇప్పుడు వేలితో నొక్కితే చాలు, దిద్దే వీలే లేదు. మారింది ఇంతే. ఆమె వెళ్లాక పాప కుర్చీ తిరిగిచ్చి వచ్చి, బాగా కూర్చోబెట్టినాను కదా అని అడిగింది. బాగా కూర్చోబెట్టినావన్నాను. ఇంకేం నేర్పను దానికి?