మంచు కింద మైకు

ఆంటీ అని పిలిస్తే నాకు ఒళ్ళుమండేది. కాలిఫోర్నియాలో, శాన్ రామన్‌లో పుట్టి పెరిగిన ఆ పిల్లకి మాత్రం నేను మొదటి రోజునుంచీ ఆంటీనే. "నాకేమంత వయసు మీదపడిందే?" అంటే, "పేరు పెట్టి పిలిస్తే మా అమ్మ కిల్ చేస్తుంది ఆంటీ" అని నవ్వేది.

సియెర్రా కొండల్లో ఏటికేడు తగ్గిపోతున్న మంచు మీద డాక్యుమెంటరీ తీస్తున్నాం. అది స్కీయింగ్ చేసేది, నేను సౌండ్ రికార్డ్ చేసేదాన్ని. పొద్దున్నే దాని జాకెట్ లోపల వైర్‌లెస్ మైకు పెట్టడం నా పని. కొంచెం దూరం వెళ్ళి, వెనక్కి తిరిగి, "ఆంటీ, వినిపిస్తున్నానా?" అనేది. దాని మాట నా హెడ్‌ఫోన్స్‌లోకి వస్తుంది గానీ నా మాట దానికి వెళ్ళదు. అందుకని చెయ్యెత్తేదాన్ని. నేను చెయ్యెత్తితే గానీ కదిలేది కాదు.

ఆ రోజు ఎండ బాగా కాసింది. అది రెండో మలుపు తిరుగుతుండగా వాలు మీది మంచు మొత్తం కదిలి కిందికి జారింది. చూస్తుండగానే ఎర్ర జాకెట్ మంచులో కలిసిపోయింది.

హెడ్‌ఫోన్స్‌లో ముందు గరగర. తరువాత ఊపిరి. దేవుడా, బతికే ఉంది! "ఉంది, వినపడుతోంది!" అని పిచ్చిదానిలా అరిచాను.

మా అందరి ఛాతీలకీ బీకన్లు కట్టి ఉంటాయి. కూరుకుపోయినవాళ్ళ బీకన్ సిగ్నల్ పంపుతుంటే, పైనున్నవాళ్ళు తమ బీకన్లతో దాన్ని వెతుక్కుంటూ పోవాలి. పక్కన ఇంకో ఎలక్ట్రానిక్ వస్తువు నడుస్తుంటే లెక్క తప్పుతుంది. మాతో వచ్చిన గైడ్ చేతిలోని బీకన్ ఒకసారి ఇటు చూపిస్తోంది, ఒకసారి అటు. నా మెడలో దాని మైకు రిసీవర్ వేలాడుతోంది. "అన్నీ ఆపెయ్యండి! నీది కూడా!" అని ఇంగ్లీషులో కేకేశాడు. దూరంగా పోయి వింటూ కూర్చుందామంటే, వెతకడానికి ఉన్నదే గైడ్, డైరెక్టర్, నేను, ముగ్గురం.

ఆపితే దాని ఊపిరి నాకు వినపడదు. ఆపకపోతే అది మాకు దొరకదు.

అప్పుడే మాట వచ్చింది, నోటినిండా మంచు ఉన్నట్టు.

"ఆంటీ, వినిపిస్తున్నానా?"

చెయ్యెత్తాను. బుద్ధిలేని చెయ్యి, అలవాటుకొద్దీ లేచింది. "వినిపిస్తున్నావే తల్లీ!" అని మంచు మీద పడి అరిచి, స్విచ్ ఆపేశాను.

వెతికి, పారలతో తవ్వి బయటికి తీసేసరికి ఊపిరి లేదు. గైడ్ నోట్లో నోరు పెట్టి ఎంతసేపు ఊదినా రాలేదు.

ఆ సౌండ్ సినిమాలో వాడదామన్నాడు డైరెక్టర్. వాడి మొహం మండ! ఇవ్వనన్నాను.

శాన్ రామన్‌లో వాళ్ళమ్మ నన్ను పక్కన కూర్చోబెట్టుకుంది.

"చివర్లో ఏమందమ్మా?"

"నన్ను పిలిచిందండీ."

"మరి నువ్వు పలికావా?"

"పలికాను."

ఆవిడ నా చేతులు రెండూ పట్టుకుని చాలాసేపు వదల్లేదు. దానికి వినపడిందా అని మాత్రం అడగలేదు.