పెరగని హప్తా

2020 జనవరిలో నన్ను మహారాష్ట్ర అంచున సిరొంచలో ఉన్న మా బ్యాంకు శాఖకు మేనేజరుగా వేశారు. ఉద్యోగంలో అదే నా ఆఖరి చోటు. గడ్చిరోలిలో బదిలీ కాగితం చేతికిస్తూ పై అధికారి, మీకు తెలుగు వచ్చు కదా, అక్కడ ఇబ్బంది ఉండదు అన్నాడు మరాఠీలో. తెలుగు వచ్చిన పాపానికి ముప్పై నాలుగేళ్ల సర్వీసు తర్వాత అడవి చివరకు పంపుతున్నారని లోపల గొణుక్కున్నాను. తీరా వెళ్లాక తెలిసింది, మా మంచిర్యాలకు గోదావరి వంతెన మీదుగా మూడు గంటల దారి. గడ్చిరోలి పెద్దసార్లు తనిఖీకి రావాలంటే మాత్రం పొద్దంతా పోతుంది. బ్యాంకువాడికి అంతకంటే మంచి పోస్టింగు ఉండదు. మూడేళ్లకు మార్చాల్సింది, మరిచారో, రావడానికి ఎవరూ ఒప్పుకోలేదో, రిటైరయ్యేదాకా అక్కడే ఉంచారు.

శాఖలో ఎక్కువ పని పంట రుణాలది. వరి వేసే ముందు తీసుకుంటారు, ధాన్యం అమ్ముడుపోయాక తెచ్చి కడతారు. ఏడాదిలో ముగిసే లెక్క అది. ఇంటి అప్పులు అప్పుడప్పుడే మొదలయ్యాయి. ఏడాది అప్పు తెలిసినవాళ్లకు ఇరవై ఏళ్ల అప్పు కొత్త. నిజం చెప్పొద్దూ, ఇచ్చే మాకూ అంతే. కాకపోతే మా దగ్గర ఫారాలు ఉండేవి.

నేను వెళ్లిన కొత్తలో మంజూరు చేసిన ఇంటి అప్పుల్లో సమ్మక్కది ఒకటి. ఆమె సర్కారు బస్సులో కండక్టరు, అహేరి దారిలో డ్యూటీ. తల్లి పోశవ్వ జీవితమంతా ఇతరుల పొలాల్లో కూలి చేసి బిడ్డను పన్నెండో తరగతిదాకా చదివించింది. భర్తకు పంపుసెట్ల మరమ్మతు పని. సొంత జాగా ఉంది, ఇల్లు లేదు. పదిహేను లక్షలు అడిగింది. ఫారం నింపేటప్పుడు ఇతరులెవరూ పెట్టని షరతొకటి పెట్టింది.

"సార్, హప్తా మొదలయ్యే యాళ్లకు నాకు ముప్పై ఎనిమిది పడుతది. యాభై ఎనిమిదికి రిటైర్ అయిత. ఆఖరి జీతం, ఆఖరి హప్తా ఒక్క నెలల్నే ఉండాలె. ఆ మల్ల నెల నుంచి నేను ఎవ్వలికి బాకీ ఉండొద్దు."

అట్లాగే కుదిర్చాను. ఏడు శాతం వడ్డీ, ఇరవై ఏళ్లు, రెండు వందల నలభై హప్తాలు, అంటే నెలవారీ వాయిదాలు, నెలకు పదకొండు వేల ఆరు వందల ముప్పై. ఇంటి అప్పును ఒకేసారి చేతిలో పెట్టం. పునాదికి కొంత, స్లాబుకు కొంత, గోడల గిలాబుకూ తలుపులకూ కొంత. ప్రతిసారీ ఇంజినీరు వచ్చి చూసి రాసిచ్చాకే తరువాతి డబ్బు. ఇల్లు పూర్తయింది. ముందర గదికి ఆమె ముచ్చటపడి మెరిసే టైల్సు వేయించుకుంది. ఇల్లు కట్టి చూడు అని పెద్దలు ఊరికే అనలేదు, ఆ ఏడాదిలో మనిషి సగమైంది. 2021 ఫిబ్రవరిలో మొదటి హప్తా కట్టింది. ఆఖరిది 2041 జనవరిలో.

ఆమె ఒక్క హప్తా కూడా తప్పలేదు. 2021 చివర సమ్మెతో కొన్ని నెలలపాటు బస్సులు డిపో దాటలేదు, జీతాలు రాలేదు. బస్సువాళ్లలో సగం మంది ఖాతాలు మొండిబాకీ వైపు జారాయి. సమ్మక్క తల్లితో కలిసి వంతెన అవతలికి మిరపకాయ ఏరడానికి కూలికి పోయింది. నెలనెలా ఐదో తారీఖుకు మిరప ఘాటు కొట్టే నోట్లు మా కౌంటరు మీదికి వచ్చేవి, మా క్యాషియరు తుమ్ముతూ లెక్కపెట్టేవాడు.

2022 ఎండాకాలం నుంచి వడ్డీ రేట్లు పెరగడం మొదలైంది. ఇంటి అప్పులకు వడ్డీ స్థిరంగా ఉండదు. పైన రిజర్వు బ్యాంకు రేటు కదిలితే కింద మా రేటు మూడు నెలలకోసారి దానివెంట కదులుతుంది. టీవీలో వార్త విని జనం పరేషాన్ అయి శాఖకు వచ్చేవారు. కంప్యూటరులో చూసి, నేనే ఏదో ఘనకార్యం చేసినట్టు చెప్పేవాణ్ని. "ఏం పరేషాన్ గాకుండ్రి. మీ హప్తా పెరగలే." సమ్మక్కకూ అదే చెప్పాను. నీ పిల్లలు సల్లగుండ సార్ అని దండం పెట్టి వెళ్లింది. ఆ దండం తీసుకున్నందుకు ఇప్పటికీ సిగ్గుపడతాను.

2023 జులైలో ప్రాణహిత పొంగి అహేరి రోడ్డు తెగింది. బస్సు లేదు కాబట్టి సమ్మక్కకు ఖాళీ దొరికింది. తల్లికి ముసలివాళ్ల పింఛను తీయించడానికి తీసుకొచ్చి, పనైపోయాక నా గదిలోకి తొంగిచూసింది.

"సార్, ముప్పై హప్తాలు ఐనయి. నా బండి ఇప్పుడు ఏ టప్పాల ఉన్నదో జర చూడుండ్రి."

టప్పా అంటే బస్సు చార్జీ లెక్కలో ఒక మజిలీ. కొన్ని కిలోమీటర్లకు ఒక టప్పా, టప్పాకు ఇంతని టికెట్టు. ఆమెకు లోకమంతా టప్పాల్లోనే కనిపించేది. కూర్చోండి అని ఇద్దరికీ కుర్చీలు చూపించి ఖాతా తెరిచాను. మిగిలిన అసలు పద్నాలుగు లక్షల ముప్పై మూడు వేలు. దాని పక్కనే ఆఖరి హప్తా తేదీ. 2056 జనవరి.

ఏదో తప్పు పడిందనుకున్నాను. ఖాతా మూసి మళ్లీ తెరిచాను. 2056. గడ్చిరోలికి ఫోను చేస్తే అక్కడి అధికారి విసుగు దాచుకోకుండా, లెక్క సరిగ్గానే ఉంది అన్నాడు. రేటు ఏడు నుంచి తొమ్మిదింపావుకు చేరింది. హప్తా పెంచితే జనం గొడవ చేస్తారని మా పద్ధతి ప్రకారం యంత్రం హప్తాను అక్కడే ఉంచి గడువును సాగదీసింది. మెసేజీ కూడా పంపాం, ఇంకేం కావాలి అని అడిగాడు. ఆ మెసేజీ ఇంగ్లీషులో రెండు ముక్కలు. సమ్మక్క సెల్లులో వాన కబురు, లాటరీ మోసాల మధ్య ఎక్కడో పడి ఉంటుంది.

చెప్పక తప్పదు. హప్తా నుంచి వడ్డీ ముందు తన వాటా తీసుకుంటుంది, మిగిలిందే అసలుకు జమ అవుతుంది. అది నాకు ఉద్యోగంలో చేరిన మొదటి వారం నుంచీ తెలుసు. తెలియడం వేరు, చూడటం వేరు. ఖాతా పట్టిక అచ్చు వేయించాను. ఇంకా కట్టాల్సిన మూడు వందల తొంభై హప్తాలు, హప్తాకు ఒక వరుస. కాగితం యంత్రంలోంచి వస్తూనే ఉంది, బల్ల మీద నుంచి జారి పోశవ్వ కాళ్ల దాకా పోయింది. ఇన్నేళ్లలో వందల సంతకాలు పెట్టాను, ఒక్క అప్పునైనా ఈ చివర నుంచి ఆ చివర దాకా చూడలేదు.

ఇంకో సంగతి కూడా ఒప్పుకోవాలి. నా ఇంటి అప్పు బ్యాంకు సిబ్బందికిచ్చే అప్పు. దానికి తక్కువ వడ్డీ, అదీ సాధారణ వడ్డీ. ముందు అసలంతా తీరుతుంది, వడ్డీ సంగతి ఆ తర్వాత. బయటివాళ్లకిచ్చే అప్పు బరువు నా భుజం మీద ఒక్కరోజు కూడా లేదు. ఈత రానివాడు ఒడ్డున నిలబడి ఈత నేర్పినట్టు అమ్మాను దాన్ని.

సమ్మక్క జేబులోంచి పెన్ను తీసింది. టికెట్ల లెక్క చూసే అలవాటు కదా, వరుసల మీద వేలు పరుగెత్తింది. వడ్డీ గడి దగ్గర ఆగింది, అసలు గడి దగ్గర ఆగింది. వచ్చే నెల హప్తాలో వడ్డీ పదకొండు వేల నలభై ఆరు. అసలుకు చేరేది ఐదు వందల ఎనభై నాలుగు.

"ఐదు వందల ఎనభై నాలుగా?" అంది. "ఒక్క మొగాయన గడ్చిరోలికి వొయ్యి వచ్చే ఫుల్ టికెట్టుకు గూడ సాలయి గద సార్!"

అప్పటిదాకా ఆమె కట్టింది మూడు లక్షల నలభై ఎనిమిది వేల పైచిలుకు. అసలులో తగ్గింది అరవై ఏడు వేలు. అది కూడా ఆమే తీసేసి చూసుకుంది, నన్ను అడగలేదు. పెన్ను మూత పెట్టింది.

"ముప్పై నెలలు టికెట్టు గొట్టిన సార్. బండి ఇంక డిపో గేటు దాటలే."

పోశవ్వకు చదువు రాదు. "ఏమంటున్నదే కాగితం?" అని బిడ్డను కదిపింది. నాకు డెబ్బై మూడేళ్లు వచ్చాక తీరుతుందంటోంది అని సమ్మక్క చెప్పగా విని, ఆ ముసలమ్మ ఒక్క మాటే అడిగింది. "సర్కారు ఇంటికి పంపినంక ఇంక పదిహేనేండ్లు గట్టాలెనా? ఏం బెట్టి కడతవ్ బిడ్డా?"

కండక్టరు పింఛను ఎంతో మా ముగ్గురికీ తెలుసు. ఆ డబ్బుతో హప్తా కాదు కదా, హప్తాలో సగం కట్టడం కూడా కుదరదు. అప్పు తీరకపోతే ఇల్లు బ్యాంకుది అవుతుంది, కాగితాలు నా బీరువాలోనే ఉన్నాయి. సమ్మక్క నా వైపు తిరిగింది. గొంతు పెంచలేదు, పెంచితే బాగుండేది.

"హప్తా పెరగలే, పరేషాన్ గాకుమన్నరు గద సార్?"

అన్నాను. తల దించుకుని యంత్రం మీద పడ్డాను. 2041 జనవరికే అప్పు తీరాలంటే ఇప్పటి నుంచి నెలకు ఎంత ఎక్కువ కట్టాలి? పదిహేనేళ్లు కొట్టేయాలి కాబట్టి ఐదారు వేలైనా పడుతుందని నా అంచనా. అంత ఆమె తేలేదు, ఏమని చెప్పాలి అని లోపల మథనపడుతున్నాను. తెర మీద పడ్డ అంకె రెండు వేల నూట అరవై ఏడు.

నమ్మలేదు. మూడుసార్లు చేశాను, ఆఖరికి కాగితం మీద చేత్తో కూడా చేశాను. అదే. ఇట్లాగే వదిలేస్తే ఇకముందు కట్టబోయేది మొత్తం నలభై ఐదు లక్షల పైన. నెలకు ఈ రెండు వేలు కలిపితే ఇరవై తొమ్మిది లక్షల లోపు. రెండు వేల రూపాయలు పదహారు లక్షలను, పదిహేనేళ్లను మింగేస్తున్నాయి. ఇంత పెద్ద తలుపుకు ఇంత చిన్న తాళంచెవి ఉందని నా బ్యాంకు నాకు చెప్పలేదు, నేనూ అడగలేదు.

సమ్మక్క వివరమంతా విని తల్లితో గుసగుసగా మాట్లాడింది. నాలుగు నిమిషాలు పట్టిందేమో. ముందర గది కిరాయికిస్తానంది. సిరొంచకు బయటి నుంచి ఉద్యోగానికి వచ్చేవాళ్లకు గదులు దొరకవు. ఆస్పత్రి నర్సు ఒకామె అప్పటికే అడుగుతోందట. రెండున్నర వేలు వస్తాయి. మరి ఆ టైల్సు అని నేను అనబోయాను. "ఆ గది మీద మనసు గుంజుతది సార్. గని గది ఉంటదా, మొత్తం ఇల్లే పోతదా, అదే సూడాలె" అంది. ఆ పూటే దరఖాస్తు రాయించుకుని కొత్త హప్తా పదమూడు వేల ఏడు వందల తొంభై ఏడుగా మార్పించాను. గడ్చిరోలివాళ్లు, హప్తా తమంతట తామే పెంచమన్నవాళ్లను ఇదే చూడటం అన్నారు.

మరునాటి నుంచి శాఖలోని ఇంటి అప్పుల జాబితా తీసి ఒక్కొక్కరినీ పిలిచి పట్టిక చేతికిచ్చాను. కొందరు తిట్టారు, కొందరు అర్థం కాక వెళ్లిపోయి పెళ్లాంతో తిరిగొచ్చారు. ఒకాయన మూడు వందల వరుసల కాగితాన్ని మడిచి జేబులో పెట్టుకుని, పాము పిల్లను మోస్తున్నట్టుంది అన్నాడు. తర్వాత కొద్దికాలానికే, రేటు మారితే హప్తా పెంచాలా గడువు పెంచాలా అని ఖాతాదారుణ్ని అడగాల్సిందేనని పైనుంచి ఆదేశాలు వచ్చాయి. మంచిదే.

2024 ఏప్రిల్లో, నేను రిటైరవడానికి నెల ముందు, తల్లీ బిడ్డలు మళ్లీ వచ్చారు. ఇరవై వేలు తెచ్చారు. సీజనంతా తల్లి, సెలవు రోజుల్లో బిడ్డ మిరపకాయ ఏరిన కూలి అది. హప్తా కాక అదనంగా అసలులో జమ చేయమంది సమ్మక్క. దానికి జరిమానా ఏమీ లేదు. ఫారంలో రెండు గళ్లుంటాయి, హప్తా తగ్గించాలా, గడువు తగ్గించాలా అని. నేను నోరు విప్పేలోపే ఆమె గడువు గడిలో టిక్కు పెట్టింది.

పట్టికలో కిందివైపున ఆరు హప్తాలు పూర్తిగా మాయమయ్యాయి, ఏడోది సగానికి పైగా పోయింది. ఇరవై వేలకు తొంభై వేల పైన! అప్పటికి ఆ లెక్క నాకు అలవాటై ఉండాలి. కాలేదు. నేను తెర వైపు చూస్తుంటే పోశవ్వ బల్ల మీదికి వంగింది. ఆమె వేళ్ల కొసలు మిరప పసరుకు ఎర్రగా పొక్కి ఉన్నాయి.

"ఒక్క సీజను ఏరితే ఆరు నెలల అప్పు వొయ్యిందా సారూ?"

"పొయ్యింది అవ్వా. ఇంక ఎక్కువనే పొయ్యింది."

"మరి ఈ ముచ్చట ఇల్లు కట్టకముందే ఎందుకు జెప్పలే? అప్పుడు నా రెక్కలల్ల ఇంకింత బలముండె."

మీరు అడగలేదు అవ్వా అనేది మా వృత్తిలో తయారుగా ఉండే జవాబు. అది నాలుక దాకా వచ్చింది, మింగేశాను. అప్పు తీసుకునే రోజున అందరూ నెలకెంత అని అడుగుతారు, మేమూ అంతే చెబుతాం. మొత్తం ఎంత, ఎన్నాళ్లు అనేది అడగకముందే ఇచ్చేవాడే చెప్పాలి, ఎందుకంటే ఆ పట్టిక ఉండేది అతని దగ్గరే. ముప్పై ఎనిమిదేళ్ల ఉద్యోగంలో నేను నేర్చుకున్నది ఇది. నేర్చుకునేసరికి ఇంకో నెల సర్వీసు మిగిలింది.