ఒక్క జెండా ఎత్తిన ఫైనల్

మా పాతబస్తీలో ఒకే ఒక్క సీజన్ ఆడిన ఆస్ట్రేలియన్ రూల్స్ ఫుట్‌బాల్ పోటీల మీద, వాటిని నడిపిన సంఘం వాళ్లు ఒక సావనీరు అచ్చువేశారు. ఫైనల్ వివరాల కింద ఈ వాక్యం ఉంది: "గోల్ అంపైర్ పొరపాటు వల్ల యాకుత్‌పురా కప్పు పోగొట్టుకుంది." అది అబద్ధం. ఆ గోల్ అంపైర్ని నేనే.

నా రిటైర్మెంటుకు రెండేళ్ల ముందు సంగతి. ఫలక్‌నుమా నుంచి నడిచే లోకల్ రైళ్లలో గార్డుగా చేస్తున్నాను. ఇప్పుడా ఉద్యోగాన్ని ట్రైన్ మేనేజర్ అంటున్నారు. పేరు మారింది గాని జెండా మారలేదు. మార్చి నెలలో ఒక ఆదివారం యాకుత్‌పురా స్టేషన్లో ఒక పీఈటీ సారు రైలు చివర నేనుండే గార్డు పెట్టె దగ్గరికొచ్చి, "గార్డు సాబ్, జెండా ఊపుడు మీకంటె ఎవలికెరుక? మా ఆటకు మీరు రావాలె" అన్నాడు. ఆయన ఎక్కడో ఒక ఆస్ట్రేలియా కోచ్ దగ్గర ఈ ఆట నేర్చుకొని వచ్చి, యాకుత్‌పురా, మాదన్నపేట, ఫలక్‌నుమా, ఉప్పుగూడ అని నాలుగు జట్లు కట్టాడు.

నేను పట్టాలు మార్చే పాయింట్స్‌మన్‌గా చేరి, ప్రైవేటుగా పది కట్టి, గార్డు దాకా వచ్చినవాణ్ని. సారు ఇచ్చిన ఇంగ్లీషు రూలు పుస్తకాన్ని నిఘంటువు పక్కన పెట్టుకొని నెల రోజులు చదివాను. ఆడేవాళ్లలో సగం మంది దాని అట్ట కూడా చూడలేదు.

ఆ బంతి కోడిగుడ్డు ఆకారంలో ఉంటుంది. మైదానం రెండు చివర్లా నాలుగేసి గుంజలు. నడిమి రెండు పొడుగువి, వాటి మధ్య నుంచి బంతిని కాలితో తన్ని పంపితే గోలు, ఆరు పాయింట్లు. పక్క సందులోంచి పోతే బిహైండ్, ఒక్క పాయింటు. ఇంకో మెలిక ఉంది. తన్నిన బంతి నడిమి నుంచే పోయినా సరే, గీత దాటేలోపు ఎవరి చెయ్యి తగిలినా అది గోలు కాదు, బిహైండే. గోల్ అంపైరు గీత మీద నిలబడి చూడాలి. మైదానంలోని అంపైరు "ఆల్ క్లియర్" అన్నాకే గోలుకు రెండు జెండాలు, బిహైండ్‌కు ఒకటి ఎత్తాలి, ఆ తర్వాత కార్డులో రాయాలి. రైలు కదలడానికిచ్చే స్టార్టర్ సిగ్నల్ పడందే పచ్చజెండా చూపకపోవడం నాకు ఇరవై ఏళ్ల అలవాటు. పని కొత్తగా అనిపించలేదు.

మొదటి మ్యాచికి తెల్ల జెండాలు రాలేదు. నా డ్యూటీ జెండాలే తీసుకుపోయి, మొదటి బిహైండ్‌కు ఎర్రది ఎత్తాను. మైదానంలో ఉన్న రైల్వే క్వార్టర్ల ఆటగాళ్లంతా ఎక్కడివాళ్లక్కడ ఆగిపోయారు! "ఏంది సాబ్, లైన్ క్లియర్ లేదా?" అని ఒకటే నవ్వులు. మరుసటి వారానికి మా ఇంటావిడ దుప్పటి చింపి రెండు తెల్ల జెండాలు కుట్టింది.

ఫైనల్ యాకుత్‌పురాకు, మాదన్నపేటకు పడింది. నా సర్వీసులో బోనాల రోజు ప్లాట్‌ఫారం మీద కూడా అంత కిటకిట చూడలేదు. గోడల మీద జనం, నీళ్ల ట్యాంకు మీద జనం. ఒకడు మర్ఫా వాయిద్యం పట్టుకొచ్చాడు. చివరి క్వార్టరులో మాదన్నపేట ముప్పై ఆరు, యాకుత్‌పురా ముప్పై రెండు. ఒక్క గోలు పడితే కప్పు వీళ్లది. ఆట ముగిసే హారన్ మోగడానికి నిమిషం ఉందో లేదో, యాకుత్‌పురా కెప్టెన్ యాభై అడుగుల దూరం నుంచి ఎత్తుగా తన్నాడు. బంతి గిరగిరా తిరుగుతూ సరిగ్గా నా నెత్తి మీదికే వస్తోంది. నా ముందు ఎనిమిది మంది ఒకరి మీద ఒకరు ఎగిరారు. చేతులే చేతులు!

పక్క పట్టాల మీద పోయే ప్రతి రైలునూ నిలబడి చూడడం గార్డు విధి. వేలాడే గొలుసు, పొగ కక్కే ఇరుసు కనబడితే పట్టుకోవాలి. అట్లా ఏళ్ల తరబడి చూసిన కళ్లతో ఆ బంతిని చూశాను. లెక్కగా తిరుగుతున్న బంతి గీతకు జానెడు ముందే ఒక్కసారి తడబడింది. ఒక వేలు వెనక్కి వంగింది. అది ఎవరి వేలో తెలియలేదు. బంతి నడిమి గుంజల మధ్య నుంచే పోయింది. జనం అప్పటికే గంతులేస్తున్నారు. "ఆల్ క్లియర్" అని వినబడింది.

ఒక్క జెండా ఎత్తాను.

అవతలి చివర ఉన్న గోల్ అంపైరు తానూ ఒక్క జెండా ఎత్తి కార్డులో రాసుకున్నాడు. ముప్పై మూడు. మాదన్నపేట బంతి లోపలికి తన్నేలోపే హారన్ మోగింది. ఇక చూడండి లొల్లి! "గంత సాఫ్‌గ పోయింది, ఒక్కటే జెండానా?" అని కెప్టెన్ మీదికొచ్చాడు. "అద్దాలు మార్పిచ్చుకో సాబ్! రైలు పోయినంక జెండా ఊపే మొఖం!" అని గుంపులోంచి ఒక గొంతు అందరికంటే గట్టిగా లేచింది.

అక్కడ నేనొక తప్పు చేశాను. "డిఫెండరు చెయ్యి తగిలింది" అన్నాను. చెయ్యి తగలడం చూశాను గాని డిఫెండరుదని చూడలేదు. మాదన్నపేట కెప్టెన్ ఖరాఖండి మనిషి. కప్పు చేతిలో పెట్టుకొని కూడా, "లే బాపు, మావోళ్లు ఎవ్వరు ముట్టలే, అందర్ని అడిగిన" అన్నాడు. ఆ మాటే నా మెడకు చుట్టుకుంది. గెలిచినవాళ్లే కాదంటుంటే ఇక అంపైరు మాట ఎవరు నమ్ముతారు? సావనీరులోకి ఎక్కింది అదే.

సంఘానికి ఏడు ఉత్తరాలు రాశాను. రెండు గోల్ అంపైర్ల కార్డులు కలిస్తే అదే తుది రికార్డని రూలు నంబరుతో సహా చూపించాను. అచ్చయిన పుస్తకాన్ని దిద్దలేమని ఒక్కసారి ఫోనులో అన్నారు, అంతే. అచ్చయిన టైంటేబులునే దిద్దుతాం మేము! పోయినేడాది రూలు పుస్తకం మళ్లీ తిరగేస్తుంటే "ఎవరి చెయ్యి తగిలినా" అన్న చోట ఆగాను. రెండు జట్లలో ఎవరిదైనా అని దాని అర్థం. ఇన్నేళ్లూ నేను మాదన్నపేటవాళ్లనే అడుగుతూ వచ్చాను. యాకుత్‌పురా ఆటగాళ్లలో చిరునామా దొరికిన నలుగురికి తలా ఒక ఉత్తరం రాశాను.

ఈ పనిలో నేను నేర్చుకున్నది ఇది. చూసింది చూసినంతవరకే చెప్పాలి. చెయ్యి తగిలిందన్నది రికార్డు, ఎవరిదన్నది నా ఊహ. ఆ ఊహను పైకి అన్నందుకే రికార్డు మీద నమ్మకం పోయింది. కార్డులో ఎవరి చెయ్యో రాసే గడి లేకపోవడానికి కారణం ఉంది.

నలుగురిలో ఒక్కడు జవాబిచ్చాడు. పేరు నర్సింగ్. జట్టులోకెల్లా పొడుగరి, అంతకుముందు రైల్వే క్వార్టర్లలో వాలీబాల్ ఆడేవాడు. ఉన్నదున్నట్టు ఇస్తున్నాను:

"గార్డు సాబ్, నమస్తే. ఆ చెయ్యి నాది. బాల్ గీతకు ఇవతలనే పడ్తదేమో అని ఫికరై, వాలీబాల్ లెక్క ఎగిరి లేపిన. నడిమి వేలు అప్పటిసంది వంకరే ఉన్నది. మీరు ఒక్క జెండా ఎత్తంగనే నాకు సమజైంది. మావోళ్లకు తెలిస్తే బస్తీల ఉండనియ్యరని నోరు మూసుకున్న. మూసుకున్న అంటే అబద్ధమే. అద్దాలు మార్పిచ్చుకోమని అరిసింది నేనే. గీ కాయితం సంఘానికి పంపుండ్రి. నా పేరు మాత్రం కొట్టెయ్యకుండ్రి."